మానవ మేధస్సు పరిణామం

మానవ మేధస్సు పరిణామం అనగా మనిషికి ఉన్న ఆలోచనాశక్తి, భాష, ముందుచూపు, ఎదుటివారి మనసులో ఏమున్నదో ఊహించగల నేర్పు మొదలైనవి జీవపరిణామ క్రమంలో ఎలా ఏర్పడ్డాయో పరిశీలించే అధ్యయనాంశం. పురామానవ శాస్త్రం, జన్యుశాస్త్రం, నాడీశాస్త్రం, జంతుప్రవర్తన శాస్త్రం, పరిణామ మనోవిజ్ఞానం ఈ అధ్యయనానికి తోడ్పడే ప్రధాన శాస్త్రాలు. మానవుల వంశము, చింపాంజీల వంశము సుమారు 60 నుండి 70 లక్షల సంవత్సరాల క్రితం ఒకే పూర్వీకుల నుండి చీలిపోయాయి. నేటి చింపాంజీ మెదడు పరిమాణం సుమారు 400 ఘన సెంటీమీటర్లు కాగా, నేటి మనిషి మెదడు సుమారు 1350 ఘన సెంటీమీటర్లు. ఇంత పెద్ద మెదడు ఈ ఒక్క వంశంలోనే ఎందుకు ఏర్పడింది, దానికయ్యే ఖర్చును ఆ వంశం ఎలా భరించగలిగింది అన్నవి ఈ అధ్యయనంలోని ముఖ్య ప్రశ్నలు. వీటికి అందరూ అంగీకరించిన ఒకే సమాధానం లేదు.

ప్రశ్న పుట్టుక

చార్లెస్ డార్విన్ 1859లో ప్రచురించిన జాతుల ఉత్పత్తి గ్రంథంలో మనిషి గురించి దాదాపు ఏమీ చెప్పలేదు. మనోవిజ్ఞానం ఇకముందు కొత్త పునాదిపై నిలుస్తుందని మాత్రం చివరి అధ్యాయంలో సూచించాడు. 1871లో ప్రచురించిన మానవుని అవతరణ గ్రంథంలో ఈ విషయాన్ని నేరుగా చేపట్టి, మనిషి మనసుకు, ఉన్నత జంతువుల మనసుకు మధ్య ఉన్న తేడా ఎక్కువ తక్కువలకు సంబంధించినదే గాని స్వభావరీత్యా వేరైనది కాదని వాదించాడు.

ప్రకృతి వరణ సిద్ధాంతాన్ని డార్విన్‌తో పాటు స్వతంత్రంగా ప్రతిపాదించిన ఆల్ఫ్రెడ్ రసెల్ వాలెస్ ఈ విషయంలో 1869లో భిన్నాభిప్రాయం ప్రకటించాడు. అమెజాన్ అడవులలోను, మలయా ద్వీపసమూహంలోను ఏళ్ళ తరబడి నివసించిన వాలెస్, అక్కడి ప్రజల మెదడు యూరపు పండితుల మెదడుకు ఏమాత్రం తీసిపోదని గుర్తించాడు. ప్రకృతి వరణం ఒక జీవికి అప్పటి అవసరానికి సరిపడా శక్తినే ఇస్తుంది. వేటతో బతికే మనిషికి గణితం, సంగీతం, తత్త్వచింతన చేయగల మెదడు ఎందుకు? కాబట్టి దీని వెనుక మరేదో ఉన్నతశక్తి ఉండి ఉండాలని అతడి వాదన. తామిద్దరి బిడ్డను వాలెస్ తన చేతులతోనే చంపుకొంటున్నాడేమోనన్న ఆవేదనను డార్విన్ అతడికి వ్రాసిన లేఖలో వ్యక్తం చేశాడు.

వాలెస్ ముగింపును నేటి శాస్త్రజ్ఞులు అంగీకరించరు. కాని అతడు వేసిన ప్రశ్న మాత్రం సరైనదే. దీనికి రెండు జవాబులు ఉన్నాయి. మొదటిది, వేట, ఆహార సేకరణలతో సాగే జీవితం తేలికైనది కాదు. జంతువుల జాడలు చదవడం, వందలాది మొక్కల గుణాలు తెలిసి ఉండడం, బంధుత్వాలను, పొత్తులను నిలుపుకోవడం ఇవన్నీ గట్టి మేధస్సును కోరే పనులే. రెండవది, ఒక పనికోసం ఏర్పడిన సామర్థ్యం మరొక పనికి ఉపయోగపడవచ్చు. వ్రాత పుట్టి సుమారు 5000 సంవత్సరాలే అయింది. చదవడానికంటూ ఒక ప్రత్యేక అవయవం పరిణమించడానికి ఈ కాలం చాలదు. చూపుకు, మాటకు సంబంధించిన మెదడు భాగాలనే మనం చదువుకు వాడుకుంటున్నాము.

శిలాజాల సాక్ష్యం

మెదడు మెత్తని పదార్థం కాబట్టి శిలాజంగా మిగలదు. పుర్రె లోపలి ఖాళీ పరిమాణాన్ని కొలిచి మెదడు పరిమాణాన్ని అంచనా వేస్తారు. ముఖ్యమైన జాతులలో ఈ పరిమాణం ఘన సెంటీమీటర్లలో ఉజ్జాయింపుగా ఈ విధంగా ఉన్నది:

* చింపాంజీ (నేటిది): 400
* ఆస్ట్రలోపిథెకస్ అఫారెన్సిస్ (39 నుండి 29 లక్షల సంవత్సరాల క్రితం): 450
* హోమో హాబిలిస్ (సుమారు 23 నుండి 16 లక్షల సంవత్సరాల క్రితం): 500 నుండి 700
* హోమో ఎరెక్టస్ (సుమారు 19 లక్షల నుండి లక్ష సంవత్సరాల క్రితం): 600 నుండి 1200
* నియాండర్తల్ మానవుడు (సుమారు 4 లక్షల నుండి 40 వేల సంవత్సరాల క్రితం): 1400 నుండి 1500
* ఆధునిక మానవుడు (సుమారు 3 లక్షల సంవత్సరాల నుండి నేటి వరకు): 1350

ఈ వివరాల నుండి మూడు విషయాలు తేలుతున్నాయి.

మొదటిది, మనిషి ముందుగా నిలబడి నడిచాడు, ఆ తరువాతనే మెదడు పెరిగింది. 1974లో ఇథియోపియాలోని హదార్ వద్ద దొరికిన, లూసీగా పేరుపొందిన 32 లక్షల సంవత్సరాల నాటి అస్థిపంజరం రెండు కాళ్ళపై నడిచిన జీవిది. మెదడు మాత్రం చింపాంజీ మెదడు కంటే కొంచెమే పెద్దది. ఒకప్పుడు యూరపు పండితులు ఇందుకు విరుద్ధంగా ఊహించారు. మనిషిని మనిషిగా చేసినది మెదడే కాబట్టి ముందు అదే పెరిగి ఉండాలనుకున్నారు. ఇంగ్లండులోని పిల్ట్‌డౌన్ వద్ద దొరికినట్లు 1912లో ప్రకటించిన పెద్ద పుర్రె, వానరపు దవడ ఈ ఊహకు సరిగ్గా సరిపోయాయి. 1925లో దక్షిణాఫ్రికా నుండి రేమండ్ డార్ట్ ప్రకటించిన టౌంగ్ శిశువు పుర్రెలో మెదడు చిన్నది, నడక మాత్రం మనిషిది అన్న సూచనలు కనిపించినా చాలాకాలం దానిని పట్టించుకున్నవారు తక్కువ. పిల్ట్‌డౌన్ ఎముకలు మనిషి పుర్రెకు ఒరాంగుటాన్ దవడను జతచేసిన మోసమని 1953లో బయటపడింది.

రెండవది, పనిముట్లు పెద్ద మెదడు కంటే ముందే వచ్చాయి. కెన్యాలోని తుర్కానా సరస్సు సమీపాన లొమెక్వి వద్ద దొరికిన రాతి పనిముట్లు 33 లక్షల సంవత్సరాల నాటివని 2015లో ప్రకటించారు. అప్పటికి హోమో ప్రజాతి ఉన్నట్లు ఆధారాలు లేవు.

మూడవది, పరిమాణమే మేధస్సు కాదు. నియాండర్తల్ మెదడు మన మెదడుకు తీసిపోదు. ఇండోనేషియాలోని ఫ్లోరెస్ ద్వీపంలో 2003లో బయటపడిన హోమో ఫ్లోరెసియెన్సిస్ మెదడు చింపాంజీ మెదడంతే ఉన్నా ఆ ఎముకలు దొరికిన గుహలోనే రాతి పనిముట్లు కూడా దొరికాయి. మెదడు లోపలి అమరిక, నాడీకణాల సంఖ్య, వాటి మధ్య సంబంధాలు కూడా ముఖ్యమైనవే. మనిషి మెదడులో సుమారు 8600 కోట్ల నాడీకణాలు ఉన్నాయని బ్రెజిల్ శాస్త్రవేత్త సుజానా హెర్కులానో-హౌజెల్ బృందం 2009లో లెక్కకట్టింది.

పెద్ద మెదడుకయ్యే ఖర్చు

మెదడు బరువు శరీరం బరువులో సుమారు 2 శాతమే అయినా, విశ్రాంతిగా ఉన్నప్పుడు శరీరం ఖర్చుచేసే శక్తిలో సుమారు 20 శాతం దానికే పోతుంది. అయిదేళ్ళ లోపు బాల్యంలో ఈ భారం ఇంకా ఎక్కువ. పిల్లల శరీరం నెమ్మదిగా ఎదగడానికి ఇది ఒక కారణమని భావిస్తున్నారు. నిలబడి నడిచే జీవికి కటి ఎముకల మధ్య మార్గం ఇరుకు కాబట్టి మానవ శిశువు తల మరీ పెరగకముందే పుట్టాలి. పుట్టినప్పుడు శిశువు మెదడు పెద్దవారి మెదడులో మూడో వంతు కంటే తక్కువ. ఇటువంటి నిస్సహాయ శిశువును తల్లి ఒక్కతే పెంచలేదని, అమ్మమ్మలు, తోబుట్టువులు, ఇతర బంధువులు పాలుపంచుకొన్న గుంపులలోనే మానవ వంశం నిలిచిందని సారా హర్డీ 2009లో ప్రచురించిన గ్రంథంలో వాదించింది.

ఇంత ఖరీదైన అవయవం ఊరికే పెరగదు. దానివల్ల కలిగే లాభం ఖర్చును మించాలి, ఖర్చుకు తగిన ఆహారమూ దొరకాలి. 1995లో లెస్లీ ఐయెల్లో, పీటర్ వీలర్ ఖరీదైన కణజాల పరికల్పనను ప్రతిపాదించారు. మాంసం వంటి సారవంతమైన ఆహారం వల్ల పేగులు చిన్నవయ్యాయని, అక్కడ మిగిలిన శక్తి మెదడుకు మళ్ళిందని దీని సారాంశం. 2011లో వందకు చేరువైన క్షీరద జాతులను పరిశీలించిన మరొక బృందానికి పేగుల పరిమాణానికి, మెదడు పరిమాణానికి మధ్య అటువంటి విలోమ సంబంధం కనిపించలేదు. ఆహారాన్ని వండుకోవడమే అసలు మలుపు అని రిచర్డ్ రాంగమ్ వాదన. వండిన దుంపలు, మాంసం సులభంగా జీర్ణమై ఎక్కువ శక్తినిస్తాయి. అయితే మెదడు పెరుగుదల సుమారు 20 లక్షల సంవత్సరాల క్రితమే మొదలు కాగా, నిప్పు వాడకానికి గట్టి ఆధారాలు దక్షిణాఫ్రికాలోని వండర్‌వర్క్ గుహలో దొరికిన సుమారు 10 లక్షల సంవత్సరాల నాటివి. ఈ మధ్యకాలాన్ని పూరించే ఆధారాల కోసం అన్వేషణ సాగుతున్నది.

ప్రధాన పరికల్పనలు

సామాజిక మేధస్సు

కోతులు, వానరాలు ఎదుర్కొనే అతి కఠినమైన సమస్య తోటి కోతులేనని ఈ పరికల్పన చెబుతుంది. మడగాస్కర్‌లో లీమర్లను పరిశీలించిన ఆలిసన్ జాలీ 1966లోను, నికొలస్ హంఫ్రీ 1976లోను ఈ ఆలోచనను ముందుకు తెచ్చారు. ఎవరు ఎవరితో పొత్తులో ఉన్నారు, ఎవరి మేలు తీర్చుకోవాలి, ఎవరు మోసగిస్తున్నారు అన్న లెక్కలు ప్రతిరోజూ మారుతుంటాయి. ఒకరి తెలివి పెరిగితే తక్కినవారి తెలివీ పెరగవలసి వస్తుంది. 1992లో రాబిన్ డన్బార్ ప్రైమేట్లలో గుంపు పెద్దదైనకొద్దీ మెదడులో నియోకార్టెక్స్ భాగం వాటా పెరుగుతున్నదని చూపి, దాని ఆధారంగా మనిషి నిలుపుకోగల సన్నిహిత సంబంధాల సంఖ్యను సుమారు 150గా అంచనా వేశాడు. ఇదే డన్బార్ సంఖ్యగా ప్రసిద్ధి పొందింది. అయితే ఇదే పద్ధతిలో లెక్కిస్తే వచ్చే అవధి చాలా విస్తారమైనదని, ఒక నిర్దిష్ట సంఖ్యను చెప్పడం సాధ్యం కాదని 2021లో స్వీడన్ పరిశోధకులు విమర్శించారు.

ఆహారాన్వేషణ

అడవిలో పండ్లు అంతటా, అన్నివేళలా దొరకవు. ఏ చెట్టు ఎక్కడ ఉన్నదో, ఎప్పుడు పండుతుందో గుర్తుంచుకోవాలి. పనామా అడవులలో క్యాథరిన్ మిల్టన్ పరిశీలించిన రెండు కోతి జాతులు ఇందుకు మంచి ఉదాహరణ. వాటి శరీరాలు దాదాపు ఒకే బరువు ఉంటాయి. కాని పండ్లు తినే స్పైడర్ కోతి మెదడు, ఆకులు ఎక్కువగా తినే హౌలర్ కోతి మెదడుకు సుమారు రెట్టింపు. 140కి పైగా ప్రైమేట్ జాతులను పోల్చిన 2017 నాటి అధ్యయనం ఒకటి మెదడు పరిమాణాన్ని గుంపు పరిమాణం కంటే ఆహారమే మెరుగుగా సూచిస్తున్నదని తేల్చింది. దీనితో ఈ రెండు పక్షాల మధ్య వాదం మళ్ళీ రాజుకున్నది.

లైంగిక వరణం

నెమలి పింఛం వలె మేధస్సు కూడా జతను ఆకర్షించే అలంకారంగా పెరిగిందని జెఫ్రీ మిల్లర్ 2000లో ప్రతిపాదించాడు. నెమళ్ళలో పింఛం మగవాటికే ఉంటుంది. మానవులలో మేధస్సు స్త్రీపురుషులిద్దరికీ సమానంగా ఉండడం ఈ పరికల్పనకు ఎదురయ్యే మొదటి ప్రశ్న. మానవులలో ఎంపిక ఇరువైపుల నుండి జరుగుతుందన్నది మిల్లర్ సమాధానం.

సాంస్కృతిక మేధస్సు

మనిషి బలం ఒంటరి తెలివిలో లేదని, ఇతరుల నుండి నేర్చుకొని తరతరాలుగా పోగుచేసుకొనే నేర్పులో ఉన్నదని ఈ వాదం. జోసెఫ్ హెన్రిక్ 2015లో వెలువరించిన గ్రంథంలో దీనికి ఒక విషాద ఘట్టాన్ని ఉదాహరణగా చూపాడు. 1860లో ఆస్ట్రేలియా ఖండాన్ని దక్షిణం నుండి ఉత్తరానికి దాటబోయిన బర్క్, విల్స్ బృందం తిరుగు ప్రయాణంలో కూపర్స్ క్రీక్ వద్ద ఆహారం లేక చిక్కుకొన్నది. అక్కడి యండ్రువండ్ర ప్రజలు నార్డూ అనే నీటిమొక్క గింజకాయలను నూరి, నీటితో సిద్ధపరచి తినేవారు. అందులో విటమిన్ బి1ను నాశనం చేసే పదార్థం ఉన్నది. ప్రజలు పాటించే పద్ధతి దానిని తగ్గిస్తుంది. పద్ధతి పూర్తిగా తెలియకుండా తిన్న బర్క్, విల్స్ కడుపు నిండుతున్నా రోజురోజుకూ నీరసించి 1861లో మరణించారు. ఆ ప్రజలతో కలిసి బతికిన జాన్ కింగ్ ఒక్కడే ప్రాణాలతో బయటపడ్డాడు. ఆ బృందానికి తెలివి లేక కాదు, తరాల అనుభవం అందక ఈ గతి పట్టింది.

వానరాలతో పోలిక

1978లో డేవిడ్ ప్రెమాక్, గై వుడ్రఫ్ చింపాంజీకి ఇతరుల మనసును ఊహించే శక్తి ఉన్నదా అని ప్రశ్నించడంతో ఈ రంగంలో ప్రయోగాలు విస్తరించాయి. 2007లో ఎస్తర్ హెర్మన్, మైకేల్ టొమసెల్లో మొదలైనవారు 106 చింపాంజీలను, 32 ఒరాంగుటాన్లను, 105 మంది రెండున్నరేళ్ళ పిల్లలను ఒకే రకమైన పరీక్షలకు గురిచేశారు. స్థలం, సంఖ్య, కార్యకారణ సంబంధాలకు చెందిన పరీక్షలలో పిల్లలు, చింపాంజీలు దాదాపు సమానంగా నిలిచారు. ఎదుటివారిని చూసి నేర్చుకోవడం, సైగలను గ్రహించడం వంటి వాటిలో పిల్లలు ఎంతో ముందున్నారు. మనిషి ప్రత్యేకత అన్నిరకాల తెలివిలోనూ సమంగా లేదని, ఇతరులతో మనసు కలిపి నేర్చుకోవడంలోనే చిన్ననాటినుండి బయటపడుతున్నదని ఈ ఫలితం సూచిస్తున్నది. జపానులో ఆయుము అనే చింపాంజీ తెరపై క్షణకాలం కనిపించి మాయమైన అంకెల స్థానాలను గుర్తుంచుకోవడంలో మనుషుల కంటే మెరుగ్గా రాణించినట్లు కూడా 2007లోనే ప్రకటించారు.

పరిణామ మనోవిజ్ఞానం

పూర్వీకుల జీవితంలో పదేపదే ఎదురైన సమస్యలను పరిష్కరించడానికి మనసులో ప్రత్యేక యంత్రాంగాలు ఏర్పడ్డాయని భావించే శాస్త్రశాఖను పరిణామ మనోవిజ్ఞానం అంటారు. విలియం హామిల్టన్ 1964లో బంధువుల మధ్య సహకారం గురించి, రాబర్ట్ ట్రివర్స్ 1971లో పరస్పరోపకారం గురించి చేసిన సిద్ధాంతాలు దీనికి పునాదులు. 1992లో జెరోమ్ బార్కో, లీడా కాస్మిడిస్, జాన్ టూబీ సంపాదకత్వంలో వెలువడిన గ్రంథంతో ఇది ఒక ప్రత్యేక శాఖగా స్థిరపడింది.

ఈ శాఖలో ఎక్కువగా చర్చకు వచ్చిన ప్రయోగం పీటర్ వాసన్ 1966లో రూపొందించిన చీట్ల పరీక్ష. దానిని తెలుగు అక్షరాలతో ఇలా చెప్పుకోవచ్చు. బల్లపై నాలుగు చీట్లు ఉన్నాయి. ప్రతి చీటీకి ఒకవైపు అక్షరం, రెండవవైపు అంకె ఉంటాయి. పైకి కనిపిస్తున్నవి అ, క, 4, 7. ఒకవైపు అచ్చు ఉంటే రెండవవైపు సరిసంఖ్య ఉండాలన్నది నియమం. నియమం తప్పిందేమో తెలుసుకోవడానికి ఏ చీట్లను తిప్పి చూడాలి? చాలామంది అ, 4 అంటారు. సరైన సమాధానం అ, 7. ఎందుకంటే 4 వెనుక ఏ అక్షరం ఉన్నా నియమం చెడదు, 7 వెనుక అచ్చు ఉంటే చెడుతుంది. చదువుకున్నవారిలో కూడా సరిగా చెప్పేవారు తక్కువ.

ఇదే లెక్కను మరోవిధంగా అడగవచ్చు. మద్యం తాగేవారికి 21 ఏళ్ళు నిండి ఉండాలన్నది నియమం. ఒకరు మద్యం తాగుతున్నారు, ఒకరు నిమ్మరసం తాగుతున్నారు, ఒకరి వయసు 25, మరొకరి వయసు 16. ఎవరిని తనిఖీ చేయాలి? మద్యం తాగుతున్న వ్యక్తిని, 16 ఏళ్ళ వ్యక్తిని అని ఎక్కువమంది వెంటనే చెప్పగలరు. తర్కం రెండింటిలోను ఒకటే. రెండవ రూపంలో నియమాన్ని తప్పించుకొని లాభం పొందేవారిని పట్టుకోవడం ఉన్నది. మోసగాళ్ళను పసిగట్టడానికి మనసులో ప్రత్యేక యంత్రాంగం ఉన్నదనడానికి ఇది నిదర్శనమని కాస్మిడిస్ 1989లో వాదించింది. దాన్ స్పెర్బర్ మొదలైనవారు 1995లో దీనిని ఖండించారు. సందర్భాన్ని తగినట్లు మలిస్తే మోసంతో సంబంధం లేని నియమాలలో కూడా సరైన సమాధానాలు పెరుగుతాయని వారు ప్రయోగాలతో చూపారు.

జన్యువుల పాత్ర

మనిషి జన్యువులు చింపాంజీ జన్యువులను చాలావరకు పోలి ఉన్నా, కొద్దిపాటి మార్పులు మెదడు ఎదుగుదలపై గట్టి ప్రభావం చూపగలవు. ఎఫ్ఓఎక్స్‌పీ2 అనే జన్యువులో లోపం ఉంటే ఉచ్చారణ, భాష దెబ్బతింటాయని 2001లో కనుగొన్నారు. పత్రికలు దీనిని భాషా జన్యువుగా ప్రచారం చేశాయి. మనిషిలో ఉన్న రూపమే నియాండర్తళ్ళలోను ఉన్నదని 2007లో తెలిసింది. ఇటీవలి మానవ చరిత్రలో ఈ జన్యువుపై ప్రత్యేక వరణం జరిగిందన్న వాదనకు ఆధారం లేదని 2018లో మరొక అధ్యయనం తేల్చింది. నాచ్2ఎన్ఎల్ అనే జన్యువులు మానవ వంశంలో కొత్తగా ఏర్పడి నాడీకణాల సంఖ్య పెరగడానికి తోడ్పడుతున్నాయని 2018లో ప్రకటించారు. మేధస్సుకంటూ ఒకే జన్యువు లేదు. అనేక జన్యువులు, పోషణ, పెంపకం, చదువు కలిసి పనిచేస్తాయి.

దక్షిణ భారతదేశంలోని ఆధారాలు

1863లో రాబర్ట్ బ్రూస్ ఫుట్ మద్రాసు సమీపాన పల్లవరం వద్ద పాతరాతియుగపు పనిముట్టును గుర్తించడంతో భారతదేశంలో ఈ పరిశోధన మొదలైంది. తమిళనాడులోని అత్తిరంపాక్కం వద్ద దొరికిన అషూలియన్ చేతిగొడ్డళ్ళు సుమారు 15 లక్షల సంవత్సరాల నాటివని శాంతి పప్పు బృందం 2011లో ప్రకటించింది. ఇరువైపులా ఒకే తీరుగా చెక్కిన ఇటువంటి గొడ్డలిని చేయాలంటే పూర్తయిన రూపాన్ని ముందే మనసులో ఊహించుకొని దెబ్బ తరువాత దెబ్బ క్రమం తప్పకుండా వేయాలి. అందువలన ఇవి ఆనాటి ఆలోచనాక్రమానికి మిగిలిన సాక్ష్యాలు.

ఆంధ్రప్రదేశ్‌లో నేటి నంద్యాల జిల్లాలోని జ్వాలాపురం ఈ చర్చలో తరచు వినిపించే పేరు. సుమారు 74,000 సంవత్సరాల క్రితం సుమత్రా ద్వీపంలోని టోబా అగ్నిపర్వతం బద్దలైనప్పుడు వెలువడిన బూడిద ఇక్కడ పొరగా పేరుకొన్నది. ఆ పొరకు కింద, పైన కూడా రాతి పనిముట్లు దొరికాయని, వాటి తయారీ పద్ధతిలో పెద్ద మార్పు లేదని మైకేల్ పెట్రాగ్లియా, రవి కొరిశెట్టర్ మొదలైనవారు 2007లో ప్రకటించారు. అంతటి ఉత్పాతాన్ని కూడా అక్కడి జనం తట్టుకొని నిలిచినట్లు దీనిని బట్టి భావిస్తున్నారు. వారు ఆధునిక మానవులేనని ఈ బృందం అభిప్రాయం. ఆధునిక మానవులు భారతదేశానికి ఆ తరువాతనే వచ్చారని వాదించేవారూ ఉన్నారు. అక్కడ ఆ కాలపు మానవ ఎముకలు దొరకలేదు కాబట్టి వివాదం తేలలేదు.

విమర్శలు

స్టీఫెన్ జే గౌల్డ్, రిచర్డ్ లెవాంటిన్ 1979లో వ్రాసిన వ్యాసం ఈ రంగంపై వచ్చిన విమర్శలలో ముఖ్యమైనది. ప్రతి లక్షణానికి ఏదో ఒక ప్రయోజనాన్ని ఊహించి కథ అల్లడం శాస్త్రం కాదని, కొన్ని లక్షణాలు వేరే మార్పులకు ఉపఫలాలుగా కూడా ఏర్పడవచ్చని వారు హెచ్చరించారు. పూర్వీకుల పరిసరాలు ఒకే రకంగా ఉండేవి కావన్నది మరొక విమర్శ. 2010లో జోసెఫ్ హెన్రిక్ తదితరులు ఇంకొక లోపాన్ని ఎత్తిచూపారు. మనోవిజ్ఞాన ప్రయోగాలలో పాల్గొన్నవారు అధికంగా పాశ్చాత్య సంపన్న దేశాల విద్యార్థులు. వారిని బట్టి మానవజాతి అంతటి స్వభావాన్ని నిర్ణయించడం సరికాదు. ఒక పరికల్పన ముందుగా తెలియని ఫలితాన్ని ఊహించి చెప్పాలని, పరీక్షలో విఫలమైతే దానిని వదులుకోవాలని ఈ రంగంలోని వారు కూడా అంగీకరిస్తారు. పైన పేర్కొన్న పేగులు, గుంపు పరిమాణం, చీట్ల పరీక్షలకు సంబంధించిన వాదాలు ఆ విధంగా పరీక్షకు గురైనవే.

అపార్థాలు, దురుపయోగం

మేధస్సు పరిణామం గురించిన అరకొర జ్ఞానం చరిత్రలో తీవ్రమైన హాని చేసింది. 19వ శతాబ్దంలో పాల్ బ్రోకా వంటివారు మెదడు పరిమాణాలను కొలిచి స్త్రీల కంటే పురుషులు, ఇతరుల కంటే యూరపువారు తెలివైనవారని వాదించారు. శరీర పరిమాణాన్ని సరిగా లెక్కలోకి తీసుకోకపోవడం వంటి లోపాలను గౌల్డ్ 1981లో ప్రచురించిన గ్రంథంలో వివరించాడు. ఫ్రాన్సిస్ గాల్టన్ 1883లో పేరుపెట్టిన సుజనన వాదం, బుద్ధిహీనులన్న ముద్ర వేసి వేలాదిమందికి బలవంతపు సంతాన నిరోధక శస్త్రచికిత్సలు చేయడానికి దారితీసింది. అమెరికా సుప్రీం కోర్టు 1927లో ఇటువంటి చట్టాన్ని సమర్థించింది. నాజీ జర్మనీలో ఈ వాదం సామూహిక హత్యల వరకు వెళ్ళింది.

బుద్ధి పరీక్షల ఫలితాలను జాతి, కులం, లింగం పేరిట వ్యాఖ్యానించేవారు గమనించవలసిన విషయం ఒకటున్నది. 20వ శతాబ్దంలో అనేక దేశాలలో ఈ పరీక్షల సగటు ఫలితాలు తరం తరానికి పెరుగుతూ వచ్చాయని జేమ్స్ ఫ్లిన్ 1984, 1987 సంవత్సరాలలో చూపాడు. ఒకటి రెండు తరాలలో జన్యువులు అంతగా మారవు. కాబట్టి చదువు, పోషణ, పరిసరాల ప్రభావం ఎంత పెద్దదో దీనివల్ల తెలుస్తున్నది. మానవులందరూ ఆఫ్రికాలోని పూర్వీకుల నుండి వచ్చినవారే. జనసముదాయాల మధ్య ఉన్న జన్యుభేదాల కంటే ఒకే సముదాయంలోని వ్యక్తుల మధ్య ఉన్న భేదాలే ఎక్కువ. అలాగే ఒక ప్రవర్తన పరిణామ క్రమంలో ఏర్పడింది అనడం, అది మంచిది లేదా మార్చరానిది అనడం ఒకటి కాదు. పుట్టుకతో రాని చదువును నేర్చుకోగలగడమే ఈ మేధస్సు లక్షణం.

ఇవి కూడా చూడండి

* జీవపరిణామం
* చార్లెస్ డార్విన్
* ఆల్ఫ్రెడ్ రసెల్ వాలెస్
* నియాండర్తల్ మానవుడు
* మెదడు
* పాతరాతియుగం
* జ్వాలాపురం